బావికీ పీటలకీ మధ్య

పొదిలిలో మా హాలుకి గోడలు మూడే,
నాలుగో వైపు తడికె.
ఫస్ట్ షో వదిలే వేళకి కనిగిరి ఆఖరి బస్సు
పెట్రోలు బంకు కాడ గొంతు సవరించుకునేది.
అందుకని ఆపరేటర్ కాలేషా
పాటకో చరణం కోసేవాడు,
ఏడుపు సీనులో సగం కన్నీళ్ళు కోసేవాడు,
నవ్వుల జోలికి మాత్రం పోయేవాడు కాదు.
"అయ్యి మద్రాసులోనే కోసి పంపిస్తారబ్బయ్యా,
మళ్ళా మనమెందుకు?"

ఆ ఏడు వచ్చిన సినిమాలో
పెళ్ళికొడుకు వెనక్కి వెనక్కి నడుస్తా
నేలబావిలో పడతాడు.
నీళ్ళ చప్పుడు పూర్తిగా వినపడను కూడా వినపడదు,
ఠక్కున పెళ్ళిపీటలు.
తడిసి ముద్దయిన పంచె, చెవిలోంచి ధార,
పంతులు ముక్కు మీద ఒక్క చుక్క.
అంతే.
బెంచీ క్లాసు నేల మీద దొర్లేది.
పొగాకు బ్యారన్ల నుంచి వచ్చిన ఆడోళ్ళు
కొంగులు నోట్లో కుక్కుకునేవాళ్ళు.
ఇరవై మూడు రోజులాడింది.

ఇరవై మూడు రోజులూ
మాలకొండమ్మ బొరుగుల తట్ట దించి
తలుపు కాడ నిలబడింది.
"ఇప్పుడొస్తా చూడండి. బావి కాడ. తాడేసేది నేనే."
కావలిలో రైలెక్కి మద్రాసు పోయి
సినిమా కంపెనీలో ఆరునెల్లు అంట్లు తోమితే,
ఒకనాడు బిందె పట్టుకునే మనిషి రాక
ఆమెనే నిలబెట్టారంట.
వాడు పడేవాడు. పీటలొచ్చేవి. ఆమె వచ్చేది కాదు.
"ఏందే, తాడు లేకుండానే ఎక్కొచ్చినాడే నీ పెళ్ళికొడుకు!"
అది హాల్లో రెండో నవ్వు,
మొదటిదాని కంటే కాస్త పొడుగు.

ఆమె కోపమంతా గోడలోని ఆ చదరపు కంత మీద.
"బస్సు కోసం నన్ను కోసినాడు!"
కాలేషా ఒట్టేసినా నమ్మలా.
చచ్చేదాకా ఆయనకి బొరుగులమ్మలా.

మొన్న నా ఫోన్లోకి వచ్చిందా సినిమా,
ఏదో గోదాములో దొరికిన డబ్బాలన్నీ అతికించి
ఇరవై రెండు నిమిషాలు పెంచి.
కాలేషా ఇంటికి తీసుకుపోయా.
ఒక కంటికి ఆపరేషన్ అయింది, రెండోదానికి ఇంకా కాలా.
ఫోన్ని చెంబుకి ఆనించాం.

చెప్పొద్దూ, చప్పగా ఉంది.
మేం కడుపులు పట్టుకున్న చోటల్లా
ఎవరో ఒకరు వచ్చి విడమర్చి చెప్తన్నారు,
చేపల పులుసు ముద్ద నోటికాడికి పోతుంటే
వండినాయన చెయ్యి పట్టుకుని
మామిడికాయ యాడ కొన్నాడో చెప్పినట్టు.
పాత సినిమా గొప్పదేం కాదు గానీ
దానికి బస్సు టైము తెలుసు.

బావి వచ్చింది. వాడు పడ్డాడు.
పీటలు రాలా.
నీళ్ళు కదులుతున్నాయి, చాలాసేపు.
ఒక బిందె. ఒక చెయ్యి. మట్టి గాజులు.
"ఎవురయ్యా లోపల?
నీళ్ళు తాగను దిగినావా, తాళి కట్టను దిగినావా?"
పందొమ్మిదేళ్ళ మాలకొండమ్మ
తాడు వదిలింది.
మా యాసే. ఎవరూ దిద్దలా.

తర్వాత తాడు తెగింది, ముడేశారు, మేనమామ వచ్చాడు,
నిచ్చెన కోసం ఒకడు పోయాడు,
నిచ్చెన పొట్టిదని తేలింది.
పీటలొచ్చేసరికి
పెళ్ళికొడుకు పంచె మా కళ్ళముందే ఆరిపోయింది.
పంతులు ముక్కు మీద ఆ చుక్క ఎందుకు పడిందో
గుర్తు చేసుకోవాల్సి వచ్చింది.

కాలేషా నవ్వలా.
"ఎనక్కి పోనీ" అన్నాడు.
మళ్ళా. మళ్ళా.
నాలుగోసారి ఆయన కుడిచేతి రెండు వేళ్ళు
దుప్పటి మీద కత్తెరలా తెరుచుకున్నాయి.
"కోసినోడు పనిమంతుడే.
నేనైనా కోద్దును."
కాసేపాగి,
"ఆయమ్మ ఆ మాటన్నాక. తాడొదిలినాక."

వేళ్ళు మూసుకోలా.
గోడ గడియారం వైపు చూశాడు,
తొమ్మిదిన్నర దాటింది,
ఎవరికీ ఏ బస్సూ లేదు.
"ఈ టైములో బొరుగులు
యాడన్నా దొరుకుతాయా?" అన్నాడు.
చెంబు కాడ ఆ పెళ్ళి
ఇంకా అవుతానే ఉంది.